ఆర్క్‌నీ దీవుల్లో ఐదువేల ఏళ్లనాటి ఇళ్ల వెంట

సోమవారం: స్ట్రామ్‌నెస్

స్కాట్లాండ్ ఉత్తరపు కొసన ఉన్న స్క్రాబ్‌స్టర్ రేవులో మధ్యాహ్నం ఓడ ఎక్కితే గంటన్నరలో ఆర్క్‌నీ దీవుల్లోని స్ట్రామ్‌నెస్ పట్టణం చేరుకోవచ్చు. దారిలో ఓడ హోయ్ దీవి పడమటి కొండచరియల పక్కగా సాగుతుంది. అక్కడ సముద్రంలో ఒంటరిగా నిలబడిన 137 మీటర్ల రాతి స్తంభం ఓల్డ్ మ్యాన్ ఆఫ్ హోయ్ కనిపించగానే ప్రయాణికులంతా ఫొటోల కోసం పై అంతస్తుకు చేరారు. నేను దాని ఎత్తు కంటే దాని పొరలనే ఎక్కువసేపు చూశాను. ఈ దీవుల్లో అధిక భాగం కోట్ల ఏళ్ల కిందట నీటి అడుగున పేరుకున్న ఇసుక, బురద గట్టిపడి ఏర్పడిన పొరల రాయి. పెద్దగా పనిముట్లు అక్కర్లేకుండానే అది పలకలు పలకలుగా విడివడుతుంది. తాండూరు నాపరాళ్లు పేర్చి కట్టిన ఇళ్ల మధ్య పెరిగినవారికి, ఈ రెండు రాళ్ల పుట్టుక వేరైనా, ఆ గుణాన్ని వేరే చెప్పనక్కర్లేదు.

ఈ యాత్రకు కారణం ఆ రాయే. నవీన శిలాయుగంలో బ్రిటన్ మిగతా ప్రాంతాల్లో ఇళ్లను కర్రతో కట్టుకున్నారు. అవి కుళ్లిపోగా, గుంజలు పాతిన చోట్ల మట్టిలో నల్లని మరకలు మాత్రమే మిగిలాయి. చెట్లు బాగా తక్కువైన ఆర్క్‌నీలో గోడలే కాక మంచాలను, అల్మరాలను కూడా రాతి పలకలతో చేసుకున్నారు. అందువల్ల ఐదువేల ఏళ్లనాటి ఇంట్లో ఎవరు ఎక్కడ పడుకున్నారో, పొయ్యి ఎక్కడ వెలిగిందో వాయవ్య యూరప్‌లో ఇంత స్పష్టంగా చూపే చోటు మరొకటి లేదు. ఇక్కడి రాతి వలయాలకూ సమాధులకూ సామాన్యుడి ఇల్లే నమూనా అని కొందరు పురావస్తు శాస్త్రవేత్తలు వాదిస్తారు. ఆ వాదన నేల మీద ఎంతవరకు నిలుస్తుందో చూడాలన్నది నా కోరిక.

సాయంత్రం ఊళ్లోని చిన్న మ్యూజియంలో తిమింగలం ఎముకతో చెక్కిన బొమ్మ ఒకటి చూశాను. ఎత్తు తొమ్మిదిన్నర సెంటీమీటర్లు. రెండు కళ్లు, ఒక నోరు, మొండెం మీద బొడ్డు లాంటి గుంట. 1860లలో ఈ దీవిలోని నవీన శిలాయుగపు ఊరు స్కారా బ్రే తవ్వకంలో దొరికి, ఆ తర్వాత ఎక్కడ ఉందో తెలియకుండా పోయిన ఈ బొమ్మ 2016లో ఇదే మ్యూజియంలో ఒక పెట్టెలో మళ్లీ బయటపడింది.

మంగళవారం: స్కారా బ్రే

స్కేల్ అఖాతం ఒడ్డున ఇసుక, గడ్డి కప్పిన దిబ్బ ఒకటి ఉండేది. 1850 శీతాకాలంలో వచ్చిన తుఫాను ఆ గడ్డిని పెళ్లగించి గోడలను బయటపెట్టింది. పక్కనే ఉన్న స్కేల్ భవనం యజమాని విలియం వాట్ 1868 వరకు తవ్వి నాలుగు ఇళ్లను వెలికితీశాడు. ఆ తర్వాత చాలాకాలం అది అలాగే ఉండిపోయింది. 1925లో మరో తుఫాను కొంత భాగాన్ని కొట్టుకుపోవడంతో ప్రభుత్వం సముద్రపు గోడ కట్టించి, 1928లో తవ్వకం బాధ్యతను ఎడిన్‌బరో ఆచార్యుడు గోర్డన్ చైల్డ్‌కు అప్పగించింది.

సందర్శకులను ఇళ్లలోకి దిగనివ్వరు. గోడల పైభాగాన ఉన్న బాట మీద నడుస్తూ కిందికి చూడాలి. మొదట ఇది నిరాశ కలిగించినా, ఇంటి నమూనాను అర్థం చేసుకోవడానికి పైనుంచి చూడటమే మేలని కాసేపటికి తెలిసింది. ప్రతి ఇల్లూ మూలలు గుండ్రబడిన చదరపు గది. నడుమ నాలుగు రాతి పలకలు నిలిపి చేసిన పొయ్యి. గుమ్మానికి ఎదురుగా, లోపలికి వచ్చినవారి కంట మొదట పడేలా, రెండు అరల రాతి అల్మరా. కుడివైపు పెద్ద మంచం, ఎడమవైపు చిన్న మంచం. నేలలో పాతిన చిన్న తొట్ల అతుకులకు నీరు కారకుండా బంకమన్ను పూశారు. గాలానికి ఎరగా వాడే నత్తలను వాటిలో నానబెట్టి ఉంటారని ఒక ఊహ. గోడల్లో గూళ్లు, గోడ మందంలోనే చిన్న గదులు. వాటిలో కొన్నింటి కింద నుంచి మురుగు కాలువలు పోతాయి. ఒక ఇంటి నుంచి మరో ఇంటికి పలకలతో కప్పిన ఇరుకు దారులు ఉన్నాయి, వాటిలో మనిషి వంగి నడవాలి. క్రీ.పూ. 3180 ప్రాంతం నుంచి క్రీ.పూ. 2500 వరకు, అంటే ఆరువందల ఏళ్లకు పైగా, ఈ పొందిక పెద్దగా మారలేదు. తొలి ఇళ్లలో మంచాలు గోడలోకి చొచ్చుకుని ఉండగా తర్వాతి ఇళ్లలో గదిలోకి వచ్చాయి, ఇళ్లు కొంత పెద్దవయ్యాయి, అంతే.

ఈ ఊరిని చూసినవారు సాధారణంగా మంచాలను, అల్మరాలను తలుచుకుంటారు. నన్ను ఎక్కువగా నిలబెట్టింది గోడల వెనకాల ఉన్న పెంట. గవ్వచిప్పలు, ఎముకలు, బూడిద, పేడ, కుళ్లిన చెత్త కలిసి మట్టిగా మారిన దిబ్బలో ఇళ్లను దిగేశారు. చలిగాలికి అది కవచం, రాతి గోడలకు అది దన్ను. అయితే ఈ చెత్త అప్పటికప్పుడు పోగైనది కాదు. కొంతకాలం మాగనిచ్చి, తర్వాత కట్టుబడి సామగ్రిగా వాడినది. తాతలు తిని పారేసినదాన్ని మనవలు తమ ఇంటి చుట్టూ పేర్చుకున్నారు. పైకప్పు ఎలా ఉండేదో మాత్రం చెప్పే ఆనవాలు ఇక్కడ మిగల్లేదు. సముద్రం తెచ్చిన దుంగలు గానీ తిమింగలం ఎముకలు గానీ దూలాలుగా వేసి, వాటిపై తోలో గడ్డిమట్టో కప్పి ఉంటారు.

ఏడో ఇల్లు అన్నింటిలోకీ వేరు. మిగతా ఇళ్ల తలుపులకు అడ్డకర్ర వేసే రంధ్రాలు లోపలివైపు ఉంటే, దీని తలుపును బయటినుంచి బిగించేవారు. గోడ కింద ఇద్దరు స్త్రీల అస్థిపంజరాలు దొరికాయి. ఇల్లు కట్టడానికి ముందే వారిని అక్కడ పూడ్చారు. ఎవరినైనా లోపల బంధించి ఉంచేవారా, పురుటికో మరణానికో సంబంధించిన ఆచారాలు జరిగేవా అన్న ప్రశ్నకు నిశ్చయమైన జవాబు లేదు. ఎనిమిదో కట్టడంలో మంచాలు లేవు, రాతి పెళ్లలు మాత్రం విరివిగా దొరికాయి. అది పనిముట్లు చేసుకునే కార్ఖానా.

సిడ్నీలో పుట్టిన చైల్డ్ మార్క్స్ ఆలోచనలను నమ్మినవాడు. వ్యవసాయం మొదలవడాన్ని నవీన శిలాయుగ విప్లవం అని తొలిసారి పేర్కొన్నది ఆయనే. ఒకే కొలతల ఇళ్లు, ఒకే రకం సామాను చూసి, ఇక్కడ పెద్దా చిన్నా తేడాలు లేని సమాజం ఉండేదని ఆయన భావించాడు. కాలం విషయంలో మాత్రం చాలా దూరం తప్పాడు. ఈ ఊరు క్రీ.పూ. 500 ప్రాంతపు పిక్టుల (ఉత్తర స్కాట్లాండ్‌లోని ప్రాచీన జనం) నాటిదనుకున్నాడు. 1970లలో డేవిడ్ క్లార్క్ మళ్లీ తవ్వి, దొరికిన నమూనాలకు కార్బన్ పరీక్షలు చేయించాకే ఈజిప్టు పిరమిడ్లకు ముందునుంచే ఇక్కడ పొయ్యిలు వెలుగుతున్నాయని స్థిరపడింది. అయినా చైల్డ్ గీయించిన పటాలు, వస్తువులు దొరికిన చోట్ల వివరాలు నేటికీ పరిశోధకులకు ఆధారమే. సమానత్వం గురించి ఆయన చెప్పిన మాట సంగతి మరుసటి రోజు చూడవలసిన చోట్ల తేలాలి.

బుధవారం: స్టెన్నెస్, బార్న్‌హౌస్, బ్రాడ్గర్

హారే, స్టెన్నెస్ అనే రెండు సరస్సుల మధ్య సన్నని నేల పట్టీ ఉంది. మొదటిది మంచినీటిది, రెండోదానిలో సముద్రపు నీరు కలుస్తుంది. ఆ పట్టీకి ఆగ్నేయపు కొసన స్టెన్నెస్ రాళ్లు, వాయవ్యాన బ్రాడ్గర్ వలయం, నడుమ బ్రాడ్గర్ నెస్ ఉన్నాయి. వీటిని ఒకదాని తర్వాత ఒకటిగా, నడుచుకుంటూ చూడాలి. కారులో వచ్చి ఒక్కోచోట పది నిమిషాలు ఆగి పోయేవారికి ఇవి విడివిడి వింతలుగానే మిగులుతాయి.

స్టెన్నెస్‌లో ఇప్పుడు నాలుగు రాళ్లే నిలిచి ఉన్నాయి. ఆరు మీటర్ల వరకు ఎత్తున్న ఇవి చాలా పలుచన. పక్కనుంచి చూస్తే గాలికి ఊగుతాయేమో అనిపిస్తుంది. క్రీ.పూ. 3100 ప్రాంతంలో నిలిపిన ఈ వలయం బ్రిటన్‌లోని అతి పాత రాతి వలయాల్లో ఒకటి. ఇక్కడికి దగ్గరలోనే ఓడిన్ రాయి అని, మధ్యలో రంధ్రమున్న రాయి ఉండేది. ప్రేమికులు ఆ రంధ్రంలోంచి చేతులు కలుపుకుని చేసిన ప్రమాణానికి ఆర్క్‌నీలో పెళ్లంత విలువ ఉండేది. జనం వచ్చిపోవడంతో విసిగిన ఒక కౌలుదారు 1814 డిసెంబరులో దాన్ని పగలగొట్టాడు. వలయంలోని రాళ్ల మీద కూడా చెయ్యి వేశాడు. చుట్టుపక్కల వారికి అంత కోపం వచ్చి అతడి ఇంటికి నిప్పు పెట్టే ప్రయత్నం చేశారు.

అయితే నేను వెతికింది రాళ్ల నడుమ ఉన్న చోటును. వలయానికి సరిగ్గా మధ్యన, రాతి పలకలు పరచి చేసిన పెద్ద చదరపు పొయ్యి ఉంది. నిన్నటి ఇళ్లలో చూసిన పొయ్యి ఆకారమే ఇది, కొలత మాత్రం పెద్దది. దాన్ని చూసి అటునుంచి సరస్సు వైపు కాస్త దూరం నడిస్తే బార్న్‌హౌస్ అనే ఊరి పునాదులు వస్తాయి. 1984లో పురావస్తు శాస్త్రవేత్త కోలిన్ రిచర్డ్స్ గుర్తించి, తర్వాత కొన్నేళ్లు తవ్విన ఈ ఊరు స్టెన్నెస్ రాళ్ల కాలానిదే. నేడు కనిపించేవి మోకాలెత్తు గోడల పునర్నిర్మాణాలు. సందర్శకులు కూడా తక్కువ. ఇక్కడి చిన్న ఇళ్లలో అదే పొయ్యి, అవే రెండు మంచాలు, అదే అల్మరా. వీటి నడుమ రెండో ఇల్లు మాత్రం మిగతావాటి కంటే బాగా పెద్దది, కట్టుబడిలోనూ చక్కనిది. ఊరు చివరి దశలో కట్టిన ఎనిమిదో కట్టడం చుట్టూ ప్రహరీ కూడా ఉండి, ఇల్లా గుడా అని తేల్చుకోలేనంత పెద్దదిగా ఉంది. వలయం నడుమ ఉన్న పొయ్యి ఊరందరి ఇంటికి గుర్తు అన్న రిచర్డ్స్ వాదన పుస్తకంలో చదివినప్పుడు కొంత అతిగా తోచింది. ఐదు నిమిషాల నడకలో రెండు పొయ్యిలనూ చూశాక ఆ అనుమానం చాలావరకు తీరింది.

బ్రాడ్గర్ నెస్ దగ్గర ఇప్పుడు కనిపించేది గడ్డి పొలం. 2003లో దుక్కి దున్నుతుండగా చెక్కిన రాతి పలక ఒకటి పైకి వచ్చింది. మరుసటి ఏడాది నుంచి నిక్ కార్డ్ ఆధ్వర్యంలో వేసవుల్లో సాగిన తవ్వకాల్లో సుమారు రెండున్నర హెక్టార్ల కట్టడాల సముదాయం ఉన్నట్టు తేలింది. చుట్టూ నాలుగు మీటర్ల మందం గోడ, కప్పుకు వాడిన రాతి పెంకులు, ఎరుపు, పసుపు రంగులు పూసిన గోడ రాళ్లు ఇక్కడ దొరికాయి. స్కారా బ్రేలో లేని పైకప్పు ఆధారం ఇక్కడ ఉండటం గమనించదగ్గది. పదో కట్టడం పొడవు 25 మీటర్లు, వెడల్పు 20 మీటర్లు, గోడల మందం ఐదు మీటర్లు. అంత పెద్ద కట్టడంలోనూ నడుమ పొయ్యి, ఒక వైపు అల్మరా ఉన్నాయి. దాని వాడుక ముగిశాక చుట్టూ సుమారు 400 పశువుల ఎముకలు పరిచారు. వాటిలో ఎక్కువభాగం కాలి ఎముకలు. అన్నింటినీ ఒకేసారి కోశారా, ఏళ్ల తరబడి పోగుచేసి పరిచారా అన్నది వివాదంలో ఉన్నా, అంత పశుసంపదను ఒక కట్టడానికి ధారపోయగలిగిన సమాజంలో ఆజ్ఞ వేసేవారూ, వేయించుకునేవారూ లేరనడం కష్టం. చైల్డ్ ఊహించిన సమానత్వం స్కారా బ్రే ఇళ్ల వరకు సరిపోవచ్చు. ఇక్కడికి కొద్ది మైళ్ల దూరంలోనే అదే జనం కట్టిన ఈ గోడలకు సరిపోదు.

పశువుల చుట్టూ తిరిగిన నవీన శిలాయుగ జీవితం తెలుగు నేలకూ కొత్త కాదు. ఉమ్మడి పాలమూరు జిల్లాలోని ఉట్నూరులో 1957లో పురావస్తు శాస్త్రవేత్త ఆల్చిన్ తవ్విన బూడిద దిబ్బ, ఆనాటి పశువుల దొడ్లలో పోగైన పేడను పదేపదే కాల్చగా ఏర్పడినది. అందులో పశువుల గిట్టల ముద్రలు కూడా దొరికాయి. రెండు సమాజాలకూ పరస్పర సంబంధం ఏమీ లేదు. అయినా పశువుల మిగులును పారేయకుండా, కావాలని ఒకచోట పేర్చి దానికో అర్థం కల్పించడం రెండు చోట్లా కనిపిస్తుంది.

తవ్వకాలను 2024 వేసవితో ముగించి గుంతలన్నీ పూడ్చేశారు. సోమవారం నేను మెచ్చుకున్న రాతి గుణమే దీనికి కారణం: పలకలుగా విడివడే ఆ రాయి గాలికీ వానకూ తెరిచిపెడితే పొరలు పొరలుగా రాలిపోతుంది.

బ్రాడ్గర్ వలయం చేరేసరికి సాయంత్రమైంది; జూన్ కావడంతో పది గంటల వరకు వెలుతురు ఉంటుంది. 104 మీటర్ల వ్యాసం గల ఈ వలయంలో మొదట అరవై రాళ్లు ఉండేవని అంచనా. ఇప్పుడు 27 నిలిచి ఉన్నాయి. 1980లో పిడుగు పడి వాటిలో ఒకటి చీలింది. చుట్టూ ఉన్న కందకాన్ని బండరాయిలోకి తొలిచారు. స్టెన్నెస్ కంటే కొన్ని వందల ఏళ్లు చిన్నదైన ఈ వలయం నడుమ ఇంటి ఆనవాలు కంటికి కనిపించదు. చూడటానికి చాలా బాగుంటుంది గానీ నా ప్రశ్నకు ఇక్కడ పెద్దగా సాయం దొరకలేదు.

గురువారం: మేస్‌హౌ

మేస్‌హౌ సమాధికి ముందుగా టికెట్ తీసుకుని, స్టెన్నెస్‌లోని సందర్శక కేంద్రం నుంచి వారి బస్సులోనే వెళ్లాలి. లోపల ఫొటోలు తీయనివ్వరు, అదీ ఒకందుకు మంచిదే. ఏడు మీటర్ల ఎత్తు, 35 మీటర్ల వ్యాసం గల పచ్చిక దిబ్బ ఇది. సుమారు క్రీ.పూ. 2800 నాటిదని చెబుతారు. పది మీటర్ల ఇరుకు దారిలో నడుము వంచి నడవాలి. దాని గోడలకు వాడిన పలకల్లో కొన్నింటి బరువు టన్నుల్లో ఉంటుంది. చివరన నాలుగున్నర మీటర్లకు పైగా ఉన్న చదరపు గది, నాలుగు మూలల్లో నాలుగు నిలువు రాళ్లు, మూడు గోడల్లో మూడు అరలు. ప్రవేశం ఉన్న గోడను వదిలేస్తే, రెండు పక్కలా రెండు అరలు, ఎదురుగా ఒకటి. స్కారా బ్రే ఇంట్లో మంచాలు, అల్మరా ఉన్న చోట్లే ఇవి. పొయ్యి మాత్రం లేదు. చచ్చినవారి ఇంటిలో నిప్పు తప్ప మిగతా పొందికంతా ఉందన్నమాట. డిసెంబరు చివరి వారాల్లో అస్తమించే సూర్యకిరణాలు ఈ దారి వెంట వచ్చి వెనక గోడను తాకుతాయి.

దారి మొదట్లో గోడ గూటిలో ఒక పెద్ద రాయి ఉంది. దానితో గుమ్మం మూయవచ్చు. దాన్ని లోపలినుంచి లాగి మూయడం తేలిక. అంటే బతికున్నవారు కొందరు లోపల ఉండి తలుపు వేసుకునేవారు. బయటినుంచి బిగించే స్కారా బ్రే ఏడో ఇంటినీ దీన్నీ పక్కపక్కన పెట్టి ఆలోచిస్తే, ఈ జనానికి తలుపు ఎటునుంచి మూయాలన్నది చాలా పెద్ద విషయమై ఉంటుందనిపిస్తుంది.

పన్నెండో శతాబ్దపు నార్స్ (స్కాండినేవియా మూలాలున్న) జనం పైకప్పు పగలగొట్టి లోపలికి దిగి, గోడల మీద ముప్పైకి పైగా రాతలు చెక్కిపోయారు. యెరూషలేము యాత్రికులమని చెప్పుకున్నవారు ఒకరు, ఇంగిగెర్త్ అందగత్తె అని రాసినవారు ఒకరు. మా గైడు సగం సమయం వీటికే కేటాయించారు, వింటున్నవారూ సంతోషించారు. 1861లో జేమ్స్ ఫారర్ తవ్వేసరికి అసలు సమాధివారి ఎముకలు దాదాపు ఏమీ మిగల్లేదు.

శుక్రవారం: పాపా వెస్ట్రే

ఆర్క్‌నీ ముఖ్య పట్టణం కిర్క్‌వాల్ నుంచి ఎనిమిది మంది పట్టే చిన్న విమానంలో పాపా వెస్ట్రే దీవికి వెళ్లాను. పక్కనున్న వెస్ట్రే నుంచి ఇక్కడికి నడిచే విమానం ప్రపంచంలోకెల్లా అతి తక్కువ దూరపు విమాన సర్వీసు. రెండు నిమిషాలైనా పట్టదు. వంద మందికి లోపు జనాభా ఉన్న దీవిలో పొలాల గుండా పడమటి ఒడ్డుకు నడిస్తే నాప్ ఆఫ్ హౌవర్ అనే రెండు పాత రాతి ఇళ్ల చోటు వస్తుంది. కంచె, ఒక ఫలకం తప్ప ఇంకేమీ లేవు. స్కారా బ్రేలో బాట దాటనివ్వని కళ్లకు, ఇక్కడ సరాసరి గుమ్మంలోంచి లోపలికి పోనివ్వడం ఆశ్చర్యమే.

క్రీ.పూ. 3700 ప్రాంతం నుంచి 2800 వరకు జనం ఉన్న ఈ రెండు ఇళ్లు, వాయవ్య యూరప్‌లో ఇప్పటికీ నిలిచి ఉన్న రాతి ఇళ్లలో అతి పాతవి. గోడలు 1.6 మీటర్ల ఎత్తు వరకు ఉన్నాయి. పెద్ద ఇల్లు లోపల పది మీటర్ల పొడవు, ఐదు మీటర్ల వెడల్పు. నిలువు పలకలతో దాన్ని రెండు గదులుగా విడదీశారు. లోపలి గదిలో గింజలు నూరే రాయి ఉంది. గోడ మందంలోంచి చిన్న ఇంటికి దారి ఉంది; అందులో గూళ్లు చక్కగా నిలిచి ఉన్నాయి. 1973లో, 1975లో ఇక్కడ తవ్విన ఆనా రిచీ పశువులు, గొర్రెలు, బార్లీ, చేపలు, గవ్వలతో సాగిన బతుకును బయటపెట్టారు. రెండు వరసల రాతి గోడల నడుమ నింపింది ఇక్కడ కూడా పెంటే.

ఈ ఇల్లు నా యాత్రలో తలెత్తిన వాదనను కొంత సరిచేసింది. ఇక్కడి గదులు ఒకదాని వెనక ఒకటిగా ఉన్నాయి; కేంద్రంలో పొయ్యి, దాని చుట్టూ అంతా అమరిన పొందిక ఇంకా రాలేదు. కుండలు కూడా వేరు: ఉన్‌స్టన్ అనే పాత రకం, స్కారా బ్రేలో దొరికిన గాళ్ల కుండలు (పైన లోతు గీతలు గీసినవి) కావు. కాబట్టి నడుమ పొయ్యి ఉన్న ఇల్లు ఆర్క్‌నీలో అనాదిగా వస్తున్నది కాదు, క్రీ.పూ. 3200 ప్రాంతంలో గాళ్ల కుండలు, రాతి వలయాలతో పాటు రూపుదిద్దుకున్నది. ఆ కుండల తొలి నమూనాలు ఇక్కడే పుట్టి దక్షిణాన స్టోన్‌హెంజ్ ప్రాంతం దాకా పాకాయని నేడు చాలామంది అంగీకరిస్తున్నారు. కొత్త ఇల్లు, కొత్త కుండ, కొత్త గుడి కలిసి వచ్చాయంటే దాని వెనక కొత్త రకం పెత్తనం ఉందనే నేను అనుకుంటున్నాను.

శనివారం: వెస్ట్రే

ఉదయం చిన్న పడవలో వెస్ట్రేకు చేరి, పైరోవాల్‌లోని మ్యూజియంలో ఇసుకరాతి స్త్రీ బొమ్మను చూశాను. 2009లో లింక్స్ ఆఫ్ నోల్ట్‌లాండ్ తవ్వకంలో దొరికిన ఈ నాలుగు సెంటీమీటర్ల బొమ్మను వెస్ట్రే వైఫ్ అంటారు. స్కాట్లాండ్‌లో దొరికిన మనిషి రూపాల్లో అత్యంత పురాతనమైన వాటిలో ఇదొకటి. ముఖం మీద గీతలు అలవోకగా గీసినవి, అయినా కనుబొమలు స్పష్టంగా తెలుస్తాయి.

మధ్యాహ్నం తవ్వకం జరిగిన తీరానికి నడిచాను. ఇక్కడ ఒక కట్టడం గోడ పునాదిలో వరసగా పేర్చిన పశువుల పుర్రెలు దొరికాయి. కంటికి కనబడకుండా గోడలో కప్పేయడానికే వాటిని పెట్టారు. తీరంలో గాలి ఇసుకను లేపుకుపోతూ ఉంది. ఇసుకే ఈ ఊళ్లను ఐదువేల ఏళ్లు దాచింది. అది పోతే, పైకి తేలిన గోడలు కొద్ది శీతాకాలాల్లోనే చెదిరిపోతాయి. అందుకే ఇక్కడి తవ్వకాలు పరిశోధకుల తీరిక చూసి జరగలేదు, గాలి పెట్టిన గడువు ప్రకారం జరిగాయి. బుధవారం పూడ్చేసిన పొలాన్ని చూసినప్పుడు, ఇంత గొప్ప చోటును జనం కళ్ల నుంచి దాచడమేమిటని నాకు కొంత కినుక కలిగిన మాట నిజం. నోల్ట్‌లాండ్ చూశాక నా అభిప్రాయం మారింది. తవ్వని భాగం అధికంగా ఉన్న బ్రాడ్గర్ నెస్‌ను మట్టి కింద వదిలి, తవ్విన ఇరవై వేసవుల సామగ్రిని ముందు పరిశీలించి అచ్చు వేయడమే సబబైన పని.